కందికట్టె తుపాకి

తుపాకి తుడిచే నూనె వాసన సబ్బుతో ఎంత కడిగినా చేతులను వదలదు. నల్గొండలో రిజర్వు పోలీసునై ఏడాది దాటింది. పొద్దున చాయ్ గ్లాసు నోటికాడికి తెచ్చుకుంటే మొదలు తగిలేది ఆ వాసనే, దాని వెంట, ఎందుకో, దేవరకొండ దగ్గరి మా ఊరు యాదికొస్తది.

తెలంగాణ వచ్చిన ఏడు నాది ఐదో తరగతి. దసరా సెలవులంటే రొట్టెలు, బెల్లం కలిపి అవ్వ దంచిన మలీద ముద్దలు, వాన వెలిసిన చెలకల పచ్చి వాసన, దొడ్లో పొయ్యికని కుప్పేసిన కందికట్టె, ఆ కట్టెనే తుపాకి చేసుకొని మేమాడిన సినిమా ఆట. అప్పట్ల టీవీలొచ్చే సినిమాల్లో హీరోయిన్ చేతికి తుపాకి దొరికితే చేతులు వణికేవి, కండ్లల్ల నీళ్లు తిరిగేవి, హీరో వచ్చి మెల్లగ తీసుకునేటోడు. మా ఆటా అంతే. పెదనాయిన కొడుకు నరేషన్న "నీతోని గాదే, ఇటు తే" అని చెయ్యి చాపితే ఇచ్చేసి ఏడుపు మొఖం పెట్టేదాన్ని. ఒకనాడు ఇయ్యలేదు. గుంజులాటల కట్టె విరిగి నా అరచెయ్యి చీరుకపోయింది. తప్పు నాదేనన్నరు అందరు. సెలవులైపోయేదాంక నన్ను ఆటకు రానియ్యలేదు.

అవ్వ మాత్రం గాయానికి పసుపు పెట్టి, మరునాడు బస్సెక్కించి దేవరకొండ టాకీసుకు తీసుకపోయింది. ఏదో డబ్బింగు సినిమా. అందులో ఒక ఆడ పోలీసు మొదటి నుంచి చివరిదాంక తనే కొట్లాడింది, ఆమె చేతిల తుపాకిని ఎవ్వరూ తీసుకోలేదు. నేను కుర్చీ మీద నిలబడి ఈలలేసిన. బయటికొచ్చినంక "ఎట్లుందవ్వా?" అనడిగితే, ఏండ్లకేండ్లు కలుపు తీసి నడుం వంగిన మా అవ్వ, "గా పిల్ల గంతసేపు కొట్లాడె గదనే, జర మంచినీళ్లన్న తాగిందా?" అన్నది. నాకు మస్తు కోపమొచ్చింది.

ఇప్పుడు అవ్వ లేదు. ఆ టాకీసు ఫంక్షన్ హాలయింది. కందిచేండ్ల జాగల పత్తి వచ్చింది. ఇప్పటి సినిమాల్లో ఆడోళ్ల చేతులు వణకవు. జుట్టిరబోసుకొని, మనిషెత్తు తుపాకులు పట్టి వందలమందిని కూలుస్తరు, చెమట చుక్క రాలదు.

మొన్న అసొంటి సినిమాకే నాకు బందోబస్తు పడ్డది. పొద్దున ఆరింటి నుంచి నల్గొండ టాకీసు గేటు కాడ నిలబడే ఉన్న. పక్కన తుపాకి పట్టిన హీరోయిన్ కటౌటు. కాలేజీ ఆడపిల్లలు దాని ముందర మూగి, దాని లెక్కనే చేతులు పెట్టి ఫొటోలు దిగుతున్నరు. అందులో ఒక పిల్ల నా దిక్కు తిరిగి మర్యాదగనే అన్నది:

"మేడం, జర పక్కకు జరుగుండ్రి. ఫొటోల మీరు అడ్డమొస్తున్నరు."

జరిగిన.