కొట్టెక్కిన వెంకటరావమ్మ

బెజవాడ బట్టల బజారులో వెంకటప్పయ్య గొంతు తెలియనివాళ్లు లేరు. కొట్టు మెట్టు మీద నిలబడి ఆయన ఒక్క పిలుపు పిలిస్తే, తన దారిన పోయే మనిషి కూడా ఇంట్లో ఎవరికో చీర కావాలని గుర్తొచ్చి ఆగేవాడు. ఆ గొంతు 1941 జనవరిలో ఒక ఉదయం లేవలేదు. వేడినీళ్లు తాగాడు, మిరియాలు నమిలాడు. గాలి తప్ప ఏమీ రాలేదు. డాక్టరు నోరు తెరిపించి చూసి, నలభై రోజులు ఒక్క మాట కూడా మాట్లాడవద్దన్నాడు. మాట్లాడితే ఉన్న కాస్త గొంతూ పోతుందన్నాడు.

ముందున్నది మాఘమాసం, పెళ్లిళ్ల రోజులు. గుమాస్తా జక్కయ్య నమ్మకస్తుడే గానీ బాగా చెవుడు. ఆకుపచ్చ అడిగితే పసుపుపచ్చ తెచ్చేవాడు. అది కాదంటే, నచ్చలేదేమోనని ఇంకో నాలుగు పసుపుపచ్చవి తెచ్చేవాడు. వెంకటప్పయ్య పలక మీద రాసి చూపిద్దామనుకున్నాడు గానీ ఆయన దస్తూరి ఆయనకే అంతు పట్టేది కాదు. ఇక మిగిలినవి చేతులు. ఆ చేతుల సైగలు లోకంలో ఒక్కరికే అర్థమయ్యేవి. ఆమె ఆయన భార్య వెంకటరావమ్మ. పద్దెనిమిదేళ్ల కాపురంలో ఆయన అన్నం దగ్గర నోరు తెరిచి ఏదీ అడిగి ఎరగడు. వేలు చూపిస్తే పప్పు, అరచెయ్యి అడ్డం పెడితే ఇక చాలని.

తనతో కొట్టుకు రమ్మని ఆయన సైగ చేసినప్పుడు మాత్రం ఆమె మూడుసార్లు చేయించుకుంది. అర్థం కాక కాదు, నమ్మకం కుదరక.

వెంకటరావమ్మ పుట్టిల్లు పెడనలో ఒక నేతగాళ్ల ఇల్లు. ఐదేళ్లప్పటి నుంచే కండెలు చుట్టింది. పదేళ్లకు తండ్రి పక్కన నిలబడి నూలుకు రంగులు వేసింది. బట్ట అంచు వేళ్ల మధ్య నలిపి, నేసినవాడి చెయ్యి ఎంత గట్టిదో చెప్పగలిగేది. పెళ్లయి బట్టల వర్తకుడి ఇంటికి వచ్చాక ఆ విద్యతో ఎవరికీ పని పడలేదు. కొట్టులో ఆమె అడుగుపెట్టింది మొత్తం మీద రెండుసార్లు, అదీ లక్ష్మీపూజకు.

మొదటిరోజు ఆమె పమిట భుజం చుట్టూ కప్పుకుని, భర్త వెనక గోడకు ఆనుకుని కూర్చుంది. ఆయన చేతులు ఊపుతుంటే ఆ సైగల అర్థం గొంతులోనే చెప్పింది. ఏం చెబుతోందో వినడానికి వచ్చినవాళ్లు ముందుకు వంగి, వంగి, చీరల మీద పడబోయారు. సాయంత్రానికి ఆమె పమిట చెమటతో తడిసిపోయింది. రేపటి నుంచి రానని చెప్పాలనుకుంటూనే ఇంటికి నడిచింది. కానీ ఆ రోజంతా చేతికి తగిలిన బట్టల స్పర్శ వేళ్లను వదల్లేదు. ఇంట్లో పప్పు కడుగుతూ కూడా, ఆ నీలం అంచు పంచెల పడుగు వదులుగా ఉందనే ఆలోచించింది. మర్నాడు ఆయన సైగ చెయ్యకముందే చెప్పులు వేసుకుని వాకిట్లో నిలబడింది.

నాలుగోరోజు పామర్రు వైపు నుంచి పద్మావతమ్మ వచ్చింది. ముప్పై ఎకరాల మాగాణి ఉన్న రైతు కుటుంబం, కూతురి పెళ్లి బట్టలు. వెంకటప్పయ్య ముఖం వెలిగింది. జక్కయ్య చేత ఒక ఎర్రచీర దింపించాడు. రెండేళ్లుగా అమ్ముడుపోని సరుకది. పద్మావతమ్మ రంగు నిలుస్తుందా అని అడిగింది. వెంకటప్పయ్య రెండు చేతులతో గాలిలో బట్ట ఉతికి, పిండి, ఆరేసి, వేలు అడ్డంగా ఊపాడు. చిన్నపిల్లలకైనా తెలిసే సైగ.

వెంకటరావమ్మ చీర అంచు అందుకుంది. బొటనవేలు తడి చేసుకుని రుద్దింది. వేలు ఎర్రబడింది. ఇంతమందిలో భర్త మాట కాదనడం ఆమె ఎరగదు. కానీ ఆ రంగు ఎలా వేశారో, ఎక్కడ తొందరపడ్డారో ఆమెకు కళ్లకు కట్టినట్టు కనిపిస్తోంది.

"రంగు పోదని మా ఆయన అంటున్నారండీ," అంది. "పోతుందని నేనంటున్నాను."

వెంకటప్పయ్య చేతులు గాలిలోనే ఆగిపోయాయి. పద్మావతమ్మ ఒకసారి ఆయన్నీ, ఒకసారి ఆమె వేలినీ చూసి, కళ్లనీళ్లు వచ్చేదాకా నవ్వింది.

"ఇన్నేళ్లుగా ఈ బజార్లో కొంటున్నానమ్మా. పోతుందని చెప్పిన కొట్టు ఇదొక్కటే. ఏది పోదో నువ్వే తీసివ్వు."

ఆ మధ్యాహ్నం పెళ్లికూతురి చీరల నుంచి వియ్యపురాలి రవికెగుడ్డల దాకా వెంకటరావమ్మే ఏరింది. గోడకు ఆనుకున్నది ఎప్పుడు ముందుకు వచ్చి కూర్చుందో ఆమెకే తెలియదు.

ఇంటికి వెళ్లాక వెంకటప్పయ్య తిట్టడం మొదలుపెట్టాడు. చేతులు ఊపాడు, నుదురు కొట్టుకున్నాడు, ఎర్రచీర కథంతా ఆదినుంచి అభినయించాడు. వెంకటరావమ్మ అటు తిరిగి బియ్యంలో రాళ్లు ఏరుతూ కూర్చుంది. సైగలతో తిట్టేవాడికి ఎదుటివాళ్లు చూడటం చాలా అవసరం. ఆయన ఆమె ముందుకు వస్తే ఆమె చేట తీసుకుని ఇంకో పక్కకు తిరిగింది. అలా రెండు చుట్లు తిరిగాక ఆయనకే ఆయాసం వచ్చి కూర్చున్నాడు.

వారం తిరిగేసరికి ఆడవాళ్లు గుంపులుగా రాసాగారు. మగవాడికి చెప్పలేని రవికె కొలతలు ఈమెకు చెప్పుకునేవారు. లావుగా కనపడని చీర ఏదని అడిగేవారు. అంత మంత్రం ఏ చీరకూ లేదని ఆమె నిజమే చెప్పేది. అయినా కొనేవారు.

పక్కకొట్టు తిరుపతిరావుకు ఇది మింగుడుపడలేదు. ఒకరోజు వచ్చి, ఆడవాళ్లు ఇలా కొట్టెక్కి కూర్చుంటే బజారు పరువేం కావాలని వెంకటప్పయ్యను నిలదీశాడు. వెంకటప్పయ్య కంగారుగా నాలుగు పదులు వేళ్లతో చూపించి, తర్వాత ఇంటివైపు చెయ్యి ఊపాడు. ఈ నలభై రోజులే, తర్వాత ఇంటికి పంపేస్తానని దాని అర్థం.

తిరుపతిరావు వెంకటరావమ్మ వైపు తిరిగి, "ఏమంటున్నాడమ్మా మా బావ?" అన్నాడు.

ఆమె చేతిలోని చీర మడత పూర్తి చేసింది.

"నలభై రోజులయ్యాక కూడా నన్ను ఇంట్లో కూర్చోబెట్టరట, అన్నయ్యగారూ."

ఆ కొట్టులో ఆమె ఆడిన అబద్ధం అదొక్కటే. వెంకటప్పయ్య తల అడ్డంగా ఊపుతూనే ఉన్నాడు. తిరుపతిరావు అది తన మీద కోపమనుకుని మెట్లు దిగిపోయాడు. సాయంత్రానికి మాట బజారంతా పాకింది. పద్మావతమ్మ పెళ్లిపనుల మధ్య నుంచి కూడా సంతోషిస్తున్నట్టు కబురు పంపింది. ఇక కాదనడం వెంకటప్పయ్యకు కష్టమైపోయింది.

నలభై ఒకటో రోజు ఆయన పొద్దున్నే గొంతు సవరించుకున్నాడు. శబ్దం వచ్చింది, కందెన లేని గిలక శబ్దం. ఆ సంతోషంలో కొట్టుకు ముందుగా వెళ్లి మధ్యలో కూర్చున్నాడు. పద్మావతమ్మ చుట్టాలు ఇద్దరు వచ్చారు. ఆయన ఒక వంగపండు రంగు చీర పరిచి, రంగు పోదండీ అన్నాడు. వాళ్లిద్దరూ మర్యాదగా తలూపి, అప్పుడే మెట్లెక్కుతున్న వెంకటరావమ్మ వైపు చూశారు.

ఆమె కూర్చుంది. అంచు నలిపింది. వేలు తడిచేసి రుద్దింది. వెంకటప్పయ్య పరీక్ష రాసిన పిల్లవాడిలా ఊపిరి బిగబట్టాడు.

"నిజమే. ఇది పోదు," అంది.

చీర అమ్ముడుపోయింది. ఆయన దాన్ని స్వయంగా మడతపెట్టి ఇచ్చాడు. మధ్యాహ్నం కొట్టు ఖాళీ అయ్యాక చాలాసేపు గజంబద్దతో ఆడుకుంటూ కూర్చుని, చివరకు ఆమె వైపు చూడకుండానే అన్నాడు: "రేపు కూడా రా. సరుకు కొనేటప్పుడు కూడా నువ్వే చూడు."

ఆమె అలాగేనండీ అంది. లోపలికి వెళ్లి తానుల వెనక నిలబడి కళ్లు తుడుచుకుంది. పద్దెనిమిదేళ్లలో తన వేళ్లకు ఏం తెలుసో ఆయన అడగడం అదే మొదలు.

కొన్నాళ్లకు బుల్లెమ్మ అనే నేతగత్తె, భర్త పోయిన మనిషి, తాను నేసిన చీరలు మూటగట్టుకుని వచ్చింది. మెట్టు ఎక్కకుండా కింద నిలబడి, ధర మీరే చెప్పండంది. వెంకటరావమ్మ ఆమెను పైకి పిలిచి పక్కన కూర్చోబెట్టుకుంది. నలుగురిలో మాట్లాడటం తనకు భయమని బుల్లెమ్మ చెబితే ఆమె ఇలా అంది: "నాకూ భయమే. తెలియనివాళ్లు ఇంత గట్టిగా చెబుతుంటే, తెలిసిన మనం మెల్లగానైనా చెప్పొద్దూ?"

బుల్లెమ్మ ఆ కొట్టులోనే పనికి కుదిరి, మెల్లగానే మొదలుపెట్టింది. ఏడాదికి ఆమె గొంతు జక్కయ్యకు కూడా వినపడింది. తర్వాత యుద్ధం ముదిరి నూలు దొరకని రోజులు, బట్టకు సర్కారు కంట్రోలు పెట్టిన రోజులు నడిచాయి. ఇద్దరూ ఉన్న సరుకుతోనే, ఉన్నది ఉన్నట్టు చెప్పి నెట్టుకొచ్చారు. 1948లో పామర్రు సెంటర్లో బుల్లెమ్మ సొంతంగా చిన్న కొట్టు తెరిచింది. మొదటి బేరం పద్మావతమ్మది. వెంకటరావమ్మ బస్సులో వెళ్లి ఒక మూల కూర్చుంది, ఒక్కసారి కూడా మధ్యలో కల్పించుకోలేదు. బుల్లెమ్మ ఒక పచ్చచీర తీసి, మీ కోడలికి ఇది నప్పదండీ అని చెప్పి, ఇంకొకటి పరిచింది.