చీకట్లో నేసిన జంపఖానా

మా వాడలో జంపఖానాలు నేసే ఇళ్లకు పగటిపూట తలుపు మూయరు. వెలుతురు కోసం అంటారు గానీ, పని చేసే మనిషి నలుగురికీ కనబడాలన్నది మా అమ్మ పట్టింపు. ఎనభైల మొదట్లో మా ఇంటి తలుపును నేను మూశాను.

అప్పుడు హనుమకొండలో డిగ్రీ చదువుతున్నాను. నక్సలైట్లన్న అనుమానంతో మా తరగతి అబ్బాయిలిద్దరిని పోలీసులు తీసుకుపోయారు. వాళ్లకు నా నోట్సు ఇచ్చిన పాపానికి నన్నూ తీసుకుపోతారని నాకు ఒకటే భయం. ఆ వారమే మా ఎదురు పాన్‌డబ్బా దగ్గర ఒక బుష్‌షర్టు మనిషి కనబడ్డాడు. సిగరెట్టు కాల్చడు, పాన్ కట్టించుకోడు, మా గుమ్మం వైపే చూస్తాడు. ఇక బస్సులో నా వెనక ఎవరు దగ్గినా అతనే అనుకునేదాన్ని. నా నీడ చూసి నేనే ఉలిక్కిపడేదాన్ని.

ఒకనాడు అమ్మ బజారుకు పోగానే గడియ పెట్టి మగ్గం మీద కూర్చున్నాను. ఆ చీకట్లో నీలమనుకుని నల్ల నూలు వేశాను. అమ్మ వచ్చి తలుపు కొట్టేసరికి నీలం పట్టె ఉండాల్సిన చోట జానెడు నలుపు పడింది.

"ఎవలకు భయపడి మూసినవ్?" అంది. చెప్పాను. ఆ నలుపు విప్పబోతే వద్దంది.

జంపఖానా మగ్గం దిగిన రోజున అమ్మ గుమ్మంలో నిలబడి అతన్ని పిలిచింది. "సారూ, ఎండల నిలబడి చూసుడెందుకు? లోపటికి రాండ్రి."

వాడలోని వాళ్లంతా తననే చూస్తుంటే అతను రాక తప్పలేదు. అమ్మ ఆ జంపఖానా పరిచింది. "మా బిడ్డ మీకు భయపడి చీకట్ల నేసింది సారూ. ఇగ ఇదెవలు కొంటరు? మీరే కూసోండ్రి."

అతను నల్ల పట్టె తగలకుండా అంచున కూర్చుని మంచినీళ్లు తాగాడు. "ఈమెనేనా మీ బిడ్డ?" అన్నాడు.

"నా బిడ్డే. డిగ్రీ చదువుతాంది. అడిగినోళ్లకు నోట్సు ఇచ్చింది. అడిగితే మీకు గూడ ఇస్తది."

ఆమె కడుపున పుట్టినందుకు అంత గర్వపడ్డ రోజు నాకు మరొకటి లేదు.

మర్నాడు కూడా అతను పాన్‌డబ్బా దగ్గరికి వచ్చాడు. నేనే తలుపు బార్లా తెరిచి, అతనికి కనబడేట్టు మగ్గం మీద కూర్చున్నాను. మధ్యమధ్య కళ్లు అతని వైపే పోయాయి. పట్టె మాత్రం తప్పలేదు.