నిమిషాసురుడి పూర్వాశ్రమం

"నన్ను చూసి మెట్లెక్కాడమ్మా బసవపున్నయ్య గారు. లిఫ్టు తలుపు తెరుచుకుంది, లోపల నేనున్నాను, బయట ఆయనున్నాడు. నమస్కారం అన్నాడు, అటు తిరిగి మెట్లెక్కాడు. ఐదో ఫ్లోరుకి, ఆ ఆయాసంతో. నేనేమన్నా పులినా?"

ఈ మాటలంటూ కాంతమ్మ చిక్కుడుకాయల ఈనెలు లాగుతోంది. కోపమంతా కాయల మీదే చూపిస్తోంది. బల్లకి అవతల రేవతి టాబ్లెట్ ముందు పెట్టుకుని కూర్చుంది. రంగులు వేయడానికి వచ్చింది గానీ, వేయడానికి బొమ్మ లేదు. వారం రోజులుగా కాంతమ్మ ఒక్క గీత గీయలేదు.

ఢిల్లీ పక్కన వైశాలిలోని ఆ అపార్ట్‌మెంటులో కాంతమ్మది ఎనిమిదో అంతస్తు. సొంతవూరు గుడివాడ. కేంద్ర ప్రభుత్వ ఆఫీసులో ఫైళ్ళ మధ్య ఉద్యోగం చేసి, సరోజినీ నగర్ క్వార్టర్సులో కాపురం చేసి, రిటైరయ్యాక ఇక్కడ ఫ్లాటు కొనుక్కుంది. బొమ్మలు గీయడం ఎవరూ నేర్పలేదు. మీటింగుల్లో నిద్ర ఆపుకోవడానికి ఆఫీసర్ల ముక్కులు గీసి గీసి చెయ్యి తిరిగింది. కిందటేడు రెండు మోకాళ్ళకీ ఆపరేషనయి మంచాన ఉంటే, పదో అంతస్తులో అద్దెకుండే రేవతి కాలక్షేపానికి తన దగ్గరున్న సూపర్‌హీరోల కామిక్స్ తెచ్చిచ్చింది. రేవతిది కరీంనగర్, నోయిడాలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం.

కాంతమ్మ అన్నీ చదివి కళ్ళద్దాలు తీసింది. "వీళ్ళందరికీ ఉన్నట్టుండి వచ్చిపడిన శక్తులేనేంటమ్మా? ఏదో కుట్టడం, ఎందులోనో పడ్డం. సర్వీసు చేసి సంపాదించుకున్నవాడు ఒక్కడు లేడు."

అలా అని తనే ఒక కామిక్ మొదలుపెట్టింది, అందులో పుట్టింది టైటానియం తాయారు. ఆపరేషన్ బల్ల మీద టైటానియం మోకాలు బిగిస్తుండగా కరెంటు పోయి, జనరేటరు ఒక్కసారిగా అందుకునేసరికి ఆ ఊపంతా మోకాల్లోకి దిగింది. అప్పట్నుంచి ఎదుటివాళ్ళు అబద్ధమాడితే తాయారు కుడిమోకాలు కిర్రుమంటుంది. తాయారు మొగుడికీ ఒక శక్తి ఉంది, ఇంట్లో పనుంటే కనబడకుండా పోతాడు. కాంతమ్మ భర్త లక్ష్మీనారాయణ గారు అది చదివి చాలా బాగుందని మెచ్చుకుని, గిన్నెలు సర్దే వేళకి వాకింగుకి వెళ్ళిపోయారు.

రంగులేసి, అపార్ట్‌మెంటు తెలుగువాళ్ళ వాట్సాప్ గ్రూపులో పెట్టే బాధ్యత రేవతిది.

రెండో సంచికలో కొసరు కాత్యాయని వచ్చింది. ఆవిడ "కొంచెం కొసరెయ్ భయ్యా" అంటే చాలు, కూరగాయల బండి బండే వెనకాల నడిచొచ్చేస్తుంది. సరోజినీ నగర్ బజారులో ఒక చేతిరుమాలు కోసం పొద్దున మొదలుపెట్టి పొద్దుగూకేదాకా బేరమాడితే వచ్చిన శక్తి అది. మూడో అంతస్తు ఉష ఆ బొమ్మలో తన చీర గుర్తుపట్టింది. కోప్పడుతుందనుకుంటే బంధువులందరికీ పంపుకుంది.

ఆ ధైర్యంతోనే మూడో సంచికలో నిమిషాసురుడు అవతరించాడు. లిఫ్టు తలుపులో కాలు అడ్డం పెట్టి "ఒక్క నిమిషం" అంటాడు. ఇక ఆ నిమిషం సాగడం మొదలవుతుంది. పొంగబోయే పాలు గిన్నె అంచున నిలబడిపోతాయి. కుక్కరు కూత సగంలో వేలాడుతుంది. చివరికి తాయారు మోకాలితో ఆ కాలిని బయటికి నెట్టి తలుపు మూయిస్తుంది. ఐదో అంతస్తు బసవపున్నయ్య గారని ఎవరూ ఎవరికీ చెప్పక్కర్లేకపోయింది. గేటు దగ్గర గార్డు కూడా ఆయన్ని "మినిట్‌వాలే అంకుల్" అనడం మొదలుపెట్టాడు.

మొదటిరోజు ఆయనా నవ్వాడు. రెండో రోజు నుంచి మాట ఆగిపోయింది. భార్య పోయాక ఆయనకున్న ఇల్లు ఆ లిఫ్టే అని అందరికీ తెలుసు. ఆ లిఫ్టు ఎక్కడమే మానేశాడు.

"లిఫ్టు టైముకి వస్తోంది," అంది కాంతమ్మ విసుగ్గా. "వస్తే ఏం లాభం? కిందికెళ్ళి పైకొస్తే ఒక్క కబురు తెలియదు."

"ఆంటీ, నేనిప్పుడే అంకుల్‌ని కలిసొస్తున్న," అంది రేవతి.

కాంతమ్మ చేతిలో కాయ ఆగింది.

రేవతి మెట్రో దిగి వస్తుంటే బసవపున్నయ్య గారు గేటు పక్క బెంచీ మీద కనబడ్డాడు. "బాగున్నావా, సరే, ఉంటానమ్మాయ్," అని ఒక్క ఊపిరిలో అనేసి లేవబోయాడు. రేవతి పక్కనే కూర్చుంది.

"అంకుల్, ఆంటీ మీద నారాజ్ అయిన్రా?"

"ఎందుకవుతాను? ఈ ఒడ్డూ పొడుగుకి విలన్ వేషమే నప్పుతుంది."

"మరి మెట్లెందుకు ఎక్కుతున్నరు?"

ఆయన మళ్ళీ బెంచీ మీద సర్దుకుని కూర్చున్నాడు. "తాయారుకి రెండు పేజీల ఆసుపత్రి వేశారు. ఉష గారికి బజారంతా వేశారు. నాకేం వేశారు? తలుపు తెరిస్తే ఉన్నాను. అంతే. నేను పుట్టుకతోనే ఇలా ఉన్నానా అమ్మాయ్?"

"లేకుంటే ఎట్లయిన్రు?"

అడిగినవాళ్ళు లేక ఇన్నాళ్ళూ ఆగిన మాట కాబోలు, ధారగా వచ్చింది. మంత్రిత్వశాఖలో సందర్శకుల గది ఆయన డ్యూటీ. ఎక్కడెక్కడి నుంచో జనం పెద్దాఫీసరు సాబ్‌ని చూడ్డానికి వచ్చేవారు. సాబ్ మీటింగులో ఉండేవాడు, లేదా భోజనానికి వెళ్ళేవాడు, ఒక్కోసారి ఢిల్లీలోనే ఉండేవాడు కాదు. 'పున్నయ్యా, వాళ్ళని ఒక్క నిమిషం కూర్చోబెట్టు' అనేవాడు.

"ఆ నిమిషం ఎంతుంటుందో అన్నవాడికీ తెలియదు. వచ్చినవాళ్ళు గోడ గడియారం వైపు చూడకుండా చెయ్యాలి, అదీ నా ఉద్యోగం. చేశాను. రిటైరయిన మర్నాడు నోరు మూసుకోమంటే మూతపడుతుందా?"

ఆయన చెప్పడం అయ్యేసరికి వీధి దీపాలు వెలిగాయి. రేవతి చేతిలో పెరుగు ప్యాకెట్టుకి చెమటలు పట్టాయి.

ఇదంతా విని కాంతమ్మ చిక్కుడుకాయల పళ్ళెం పక్కకి జరిపింది. "విలన్‌కి అంత చరిత్రెందుకమ్మా? అందరి మీదా జాలి చూపిస్తూ కూర్చుంటే తాయారు ఎవర్ని తన్నాలి?"

"తన్నుడు మీ ఇష్టం ఆంటీ. కానీ ఆయన అడిగింది తప్పు కాదు కదా. కొసరు అడిగేటామెకు ఇచ్చిన్రు, ఆయనకు ఇయ్యలే."

"నువ్వు ఆయన పార్టీయా, నా పార్టీయా?"

"నేను రంగులేసేదాన్ని."

కాంతమ్మ కొంగు కొసని వేలికి చుట్టుకుంటూ, విప్పుకుంటూ కూర్చుంది. "ఆ గదిలో గోధుమరంగు సోఫా ఉండేది," అంది.

"మీరు చూసిన్రా?"

"కూర్చున్నాను. నన్ను చండీగఢ్‌కి బదిలీ వేశారు, ఆపించుకుందామని వెళ్ళాను. సాబ్ రానే లేదు. ఈయన దోసావకాయలో ఆవపిండి పాళ్ళ గురించి మొదలుపెట్టాడు. తెనాలిలో వాళ్ళ మేనత్త ఎలా పెట్టేదో, ముక్క ఎందుకు మెత్తబడేది కాదో. బస్సెక్కాక గుర్తొచ్చింది, వెళ్ళిన పని కాలేదని. ఏడవాల్సిన రోజమ్మా అది. ఇంటికెళ్ళి దోసావకాయ పెట్టాను."

"మరి చండీగఢ్?"

"వెళ్ళక తప్పుతుందా? జాడీతో సహా వెళ్ళాను." ఆమె కళ్ళద్దాలు తుడుచుకుంది. "ఆయనే ఈయనని తెలుసు నాకు. తెలిసీ, బొమ్మ వేసేటప్పుడు తలుపులో కాలు ఒక్కటే కనబడింది."

చేతులు కడుక్కొచ్చి కాగితం తీసింది. ముందు సోఫా వచ్చింది, దాని మీద సంచులు ఒళ్ళో పెట్టుకున్న జనం వచ్చారు. గోడ మీద గడియారం వచ్చింది, దాని వైపు ఎవరూ చూడటం లేదు. వాళ్ళ మధ్య చేతులు తిప్పుతూ నిలబడ్డ కుర్రవాడి ఒళ్ళు వచ్చింది. ముఖం దగ్గర పెన్సిలు ఆగిపోయింది.

"రేవతీ, ఒకసారి ఐదో ఫ్లోరుకెళ్ళు. ఆయనకి అప్పట్లో మీసం ఉండేదో లేదో నాకు గుర్తు రావట్లేదు. ఆ రోజుల ఫోటోలుంటే పట్రా. నేనే అడిగానని చెప్పు, నీ అంతట నువ్వు వచ్చినట్టు చెప్పకు. ఊరికే ఇచ్చెయ్యడు, ఫోటోకో కథ చెప్తాడు. అన్నీ విను. మధ్యలో లేచి రాకు."