పది పైసలకు ఐదేళ్లు

మా ఇంటి అప్పును డెబ్బై పైసల వడ్డీకి తెచ్చుకున్నాం. ఆ మాట బ్యాంకువాళ్లది కాదు, నాది. వాళ్ల కాగితంలో సాలుకు 8.40 శాతం అని ఉంది. దాన్ని పన్నెండుతో భాగించి, నూటికి నెలకు డెబ్బై పైసలని నేను రాసుకున్నాను. నేను పుట్టి పెరిగిన కోస్తా పల్లెలో వడ్డీని అలాగే చెప్పుకునేవాళ్లు. రెండు రూపాయల వడ్డీ అంటే ఇచ్చినవాడు మర్యాదస్తుడని. మూడు రూపాయలంటే తీసుకున్నవాడికి అవసరం ముదిరిందని. రూపాయికే ఇచ్చారంటే అది బంధుత్వం. డెబ్బై పైసల వడ్డీకి మా ఊళ్లో పేరే లేదు.

అప్పుడు మావారికి నలభై నిండాయి. పటాన్‌చెరులో యంత్రాల ఫ్యాక్టరీలో ఫిట్టరు. పెళ్లయి ఇటు వచ్చినప్పటి నుంచి పద్నాలుగేళ్లలో అయిదు కిరాయి ఇళ్లు మారాం. ఒక ఇంటి యజమాని ఉదయం ఏడు కొట్టగానే నీళ్ల మోటారు కట్టేసేవాడు. ఇంకో ఇంట్లో గోడకు మేకు కొట్టాలంటే అనుమతి అడగాలి. క్యాలెండరు తగిలించడానికి ఒక మేకు, అద్దానికి ఒక మేకు, మూడోది వద్దన్నారు. ఆ మూడో మేకు మీద కోపంతోనే నేను చీటీ వేయడం మొదలుపెట్టాను. దాన్ని పాడి నూట ఇరవై గజాల స్థలం కొన్నాం. ఇల్లు కట్టడానికి సంగారెడ్డిలో బ్యాంకు నుంచి ఎనిమిది లక్షలు తెచ్చాం. నెలకు 6,892 రూపాయల కిస్తు, ప్రతి నెలా అయిదో తారీఖున. మొత్తం రెండు వందల నలభై కిస్తులు.

ఆ రెండు వందల నలభైలో మాకు ఒక ధైర్యం కనిపించింది. ఆఖరి కిస్తు పడే నెలలోనే ఆయనకు అరవై నిండుతాయి, ఉద్యోగం అయిపోతుంది. ఆ తర్వాత వచ్చే పెన్షను నెలకు మూడు వేలు కూడా ఉండదు. జీతం ఆగేనాటికి అప్పు ఆగిపోవాలి, ఒక్క కిస్తు కూడా పెన్షను రోజుల్లోకి జారకూడదు అనుకున్నాం. మాకున్న ప్రణాళిక అంతే.

ఇల్లు లేచిన ఆ ఎనిమిది నెలలు ఇప్పటికీ నాకు కళ్లకు కట్టినట్టుంటాయి. ఉదయం షిఫ్టు ఆరింటికి. ఆయన అయిదింటికే స్కూటరు మీద నన్ను ఎక్కించుకుని వచ్చి గోడలు తడిపేవారు. నేను బిందె అందించడం, ఆయన చల్లడం. తడిసిన సిమెంటు వాసనకు, గాలి అటు తిరిగినప్పుడు ఫ్యాక్టరీల ఘాటు కలిసి వచ్చేది. చుట్టూ ఇంకా జొన్న చేలే. ఇటుక వెయ్యికి ఎంత, ఇసుక లారీకి ఎంత, మేస్త్రీకి ఎన్ని టీలు అన్నీ నా పుస్తకంలో ఉన్నాయి. టీలు నాలుగు వందల పన్నెండు.

వీధివైపు ఒక గది వేయించుకున్నారు ఆయన. దానికి వేరే తలుపు. రిటైరయ్యాక అందులో కుట్టుమిషన్లు బాగుచేస్తానని. గృహప్రవేశం నాడు అందరికీ వంటిల్లు చూపించకుండా ఆ గదే చూపించారు.

రెండేళ్లు గడిచాక బ్యాంకు నుంచి ఒక ఉత్తరం వచ్చింది. వడ్డీ 8.40 నుంచి 9.60 అయిందని ఒక వాక్యం. మీరు కట్టే కిస్తులో మార్పు లేదని ఇంకో వాక్యం. మూడో వాక్యం కూడా ఉంది, అది చిన్న అక్షరాల్లో, ఇంగ్లీషులో ఉంది. నేను మొదటి దాన్ని పన్నెండుతో భాగించాను. ఎనభై పైసలు. పది పైసలు పెరిగింది. రెండో వాక్యం చదివి సంతోషించాను. ఉత్తరాన్ని ఫైలులో పెట్టి, ఆ నెల కూడా 6,892 అని రాసుకున్నాను. తర్వాతి నెలా అంతే. కట్టేది మారలేదు కాబట్టి అప్పు కూడా మారలేదనుకున్నాను.

ఆరేళ్లు అలాగే అనుకున్నాను.

ఏటా ఇన్‌కమ్‌ట్యాక్సు కోసం బ్యాంకు కాగితం ఒకటి కావాలి. దాన్ని ఆయన ఫ్యాక్టరీ ఆఫీసువాళ్లే తెప్పించేవారు. తొమ్మిదో ఏడు వాళ్లు మమ్మల్నే తెచ్చుకోమన్నారని నేను సంగారెడ్డి వెళ్లాను. అప్పటికి తొంభై ఆరు కిస్తులు కట్టాం. బ్యాంకులో ఒక చిన్నమ్మాయి కాగితం తీసి ఇచ్చింది. అడుగున మిగిలిన కిస్తులు 205 అని ఉంది. అచ్చుతప్పు పడిందమ్మా, నూట నలభై నాలుగు ఉండాలి అన్నాను. ఆ అమ్మాయి కంప్యూటరును నావైపు తిప్పింది. అందులోనూ అంతే. అసలు ఎంత ఉందో చూపించమన్నాను. ఎనిమిది లక్షలు తెచ్చి, ఎనిమిదేళ్లలో 6,61,632 రూపాయలు కట్టాక, ఇంకా 6,92,638 ఉంది.

"వడ్డీ పెరిగినప్పుడు కిస్తు పెంచకుండా గడువు పెంచారమ్మా. ఉత్తరంలో రాసే ఉంటుంది," అంది ఆ అమ్మాయి మెల్లగా. ఆమె తప్పేమీ లేదు. మూడో వాక్యం అదే.

బస్సులో కూర్చుని కాగితం వెనక లెక్క వేశాను. వడ్డీ మారిన నెలలో మా అసలు 7,66,361. డెబ్బై పైసల చొప్పున అయితే దానికి నెల వడ్డీ 5,365. కిస్తులో మిగిలిన 1,527 అసలులో తగ్గేది. ఎనభై పైసల చొప్పున వడ్డీ 6,131. అసలులో తగ్గేది 761. అంటే పది పైసలకే, అసలు తీరే వేగం సగానికి పడిపోయింది. అందుకే అరవై ఒక్క కిస్తులు వచ్చి చేరాయి. ఐదేళ్ల పైన. ఆయనకు అరవై అయిదు వచ్చేదాకా.

ఆ బస్సులోనే ఇంకో గుణకారం కూడా చేశాను. 6,892ను 240తో. పదహారు లక్షల యాభై నాలుగు వేల ఎనభై. ఏ తప్పూ జరగకపోయినా ఎనిమిది లక్షలకు మేము ఇంత కట్టేవాళ్లం. పాలవాడు సున్నా తప్పేస్తే పట్టుకునే నేను, ఈ లెక్క ఎనిమిదేళ్లు వేయలేదు. డెబ్బై పైసలే కదా అని వేయబుద్ధి కాలేదు.

పదకొండు రోజులు ఎవరికీ చెప్పలేదు. కాలనీలో ఎవరి చీటీ లెక్క తేలకపోయినా నా దగ్గరికే తెచ్చేవాళ్లు. ఆ పేరు పోతుందన్న బాధ కూడా ఉంది, దాచడం ఎందుకు.

మా వీధి మూలన కిరాణా కొట్టు ఒక వైశ్యుల ఆవిడది. పుట్టిల్లు సంగారెడ్డి, భర్త మార్కెట్లో ధాన్యం వ్యాపారం. నాకన్నా నాలుగేళ్లు చిన్న. పన్నెండో రోజు పొద్దున చక్కెర కట్టి ఇస్తూ నా ముఖం చూసింది.

"ఏందక్కా, గింత పరేషాన్‌ల ఉన్నవ్? పది దినాల సంది సూస్తున్న, చిల్లర లెక్కవెట్టకుంటనే పట్కపోతున్నవ్."

ఆ మాటకు నాకు నవ్వొచ్చింది, ఆపైన ఏడుపొచ్చింది. మొత్తం చెప్పాను. పది పైసలే కదా అనుకున్నానని కూడా చెప్పాను.

"పది పైసలు నూటికక్కా. నీది నూరా? ఏడున్నర లచ్చలాయె," అంది ఆవిడ. పొట్లం కట్టే కాగితం మీద పెన్సిలుతో నా అంకెలన్నీ మళ్లీ వేసుకుంది. "వడ్డీ పెరిగింది, కిస్తు పెరగలే. మరి ఏదో ఒకటి పెరగాలె గద. దినాలు పెరిగినయ్. నువ్వు వడ్డీ ఎంతని అడిగినవ్ గని, అప్పుకు వయసెంతని అడగలే."

మా ఊళ్లో అప్పులకు వయసు ఉండేది కాదు. పంట వస్తే తీర్చేవాళ్లు, రాకపోతే వడ్డీ కట్టి నోటు తిరగరాసేవాళ్లు. అందుకే మాకు వడ్డీ రేటు ఒక్కటే తెలుసు. ఇరవై ఏళ్ల అప్పును కూడా నేను ఆ పంట అప్పు కళ్లతోనే చూశాను. అది నాకు ఆ కొట్టు ముందు నిలబడ్డప్పుడు అర్థమైంది.

ఏం చేయమంటావని అడిగాను. కిస్తు పెంచుకోమని బ్యాంకుకు రాసియ్యి, పాత గడువుకే తీరాలంటే ఎంతవుతదో వాళ్లే చెప్తరు అంది. మర్నాడే మళ్లీ సంగారెడ్డి వెళ్లాను. 8,119 అన్నారు. నెలకు అదనంగా 1,227 రూపాయలు. ఐదేళ్ల కిస్తులు తప్పించుకోవడానికి అంతే చాలు. కానీ ఆ రోజుల్లో మా ఇంట్లో నెలాఖరుకు అన్నీ పోను మిగిలేది మూడు వందల లోపు.

ఆదివారం పొద్దున ఆయన స్కూటరు ప్లగ్గు తుడుచుకుంటుంటే చెప్పాను. అంకెలు, తేదీలు, నా తప్పు, అన్నీ వరసగా. ఆయన తుడవడం ఆపలేదు.

"అరవై అయిదేళ్లకా? అప్పటికి నా చేతిలో స్పానరు నిలబడుతుందంటావా?"

నేను లెక్క వేసిన కాగితం తెచ్చి ఆయన పక్కన పెట్టాను.

"పోనీలే. నీ లెక్కలో తప్పు దొరకడానికి ఇరవై రెండేళ్లు పట్టింది నాకు. ఇవాళ్టికి నేను వండే కూరలో ఉప్పు గురించి నువ్వేమీ అనకూడదు," అన్నారు. ప్లగ్గు బిగించి, చేతులు కడుక్కుని వచ్చాక అసలు మాట చెప్పారు. "వీధి గది అద్దెకిచ్చేద్దాం."

వద్దన్నాను. ఆ గదిలో అప్పటికే బల్ల చేయించుకున్నారు, పాత మిషను ఒకటి విప్పి పెట్టుకున్నారు. రిటైరయ్యేదాకా నాకు ఆ గదిలో ఏం పని అని ఆ సాయంత్రమే బల్లను పెరట్లోకి మార్చారు. నెలకు పదిహేను వందల అద్దె. 1,227 కిస్తుకు, 273 కరెంటుకు, గోడల సున్నానికి.

మొదట ఒడిశా నుంచి వచ్చిన జంట దిగారు. అతనికి ఇస్నాపూర్‌లో రేకుల ఫ్యాక్టరీలో పని. ఆమెకు తెలుగు రాదు, నాకు హిందీ అంతంత. కొళాయి దగ్గర ఇద్దరం చేతులతో మాట్లాడుకునేవాళ్లం. చద్దన్నంలో నీళ్లు పోసి, నిమ్మాకు నలిపి వేసే పద్ధతి ఆమె దగ్గరే నేర్చుకున్నాను. ఎండాకాలం ఇప్పటికీ అదే తింటాం. వాళ్ల తర్వాత జిన్నారం మందుల ఫ్యాక్టరీలో కెమిస్టు. అతని బట్టలకు మాత్రల వాసన. వాటి కోసం ఒక తీగ వేరుగా కట్టాం. ఆరేళ్లు ఉండి, పెళ్లి చేసుకుని వెళ్లాడు. ఆఖరున రుద్రారంలో చదువు చెప్పే ఆవిడ, వాళ్లమ్మ. ఆ ముసలావిడ మధ్యాహ్నాలు మా ఇంట్లో కూర్చుని శనగలు వలుస్తూ, మీ ఇల్లు చల్లగా ఉంటుందమ్మా అనేది. ఆ మాట అన్నప్పుడల్లా నాకు గర్వంగా ఉండేది.

మాది అనుకున్న ఇంట్లో మూడో వంతు పన్నెండేళ్లు మాది కాదు. అయినా ఆ పన్నెండేళ్ల సందడి తలుచుకుంటే, అది ఖర్చు కిందికి వస్తుందో రాబడి కిందికి వస్తుందో ఇంతవరకు తేల్చుకోలేకపోయాను.

మధ్యలో ఒకసారి వడ్డీ తగ్గింది, అయిదు పైసలు. ఉత్తరం వచ్చిన మర్నాడే బ్యాంకులో ఉన్నాను. కిస్తు తగ్గించమంటారా అన్నారు. వద్దు, అదే ఉంచండి, ఇంకా ఎన్ని ఉన్నాయో చెప్పండి అన్నాను. రెండు తగ్గాయన్నారు. కాగితం మీద రాయించుకుని, కింద తేదీ వేయించుకుని వచ్చాను.

అలా రెండు వందల ముప్ఫై ఎనిమిదో కిస్తుతో అప్పు తీరింది. ఆఖరిది 6,655. ఆయన రిటైర్మెంటుకు ఇంకా రెండు నెలలు ఉంది. ఇంటి కాగితాలు తీసుకోవడానికి ఇద్దరం వెళ్లాం. సంతకాలయ్యాక, బయట మెట్ల మీద నిలబడి, ఆయన జీవితంలో మొదటిసారి అడిగారు.

"మొత్తం ఎంతయింది?"

"పద్దెనిమిది లక్షల పదమూడు వేల అరవై ఆరు. వడ్డీ మొదటి డెబ్బై పైసల దగ్గరే ఉండి ఉంటే లక్షా యాభై ఎనిమిది వేల తొమ్మిది వందల ఎనభై ఆరు తగ్గేది."

"కిస్తు పెంచమని నువ్వు బ్యాంకుకు వెళ్లకుండా ఉంటే?"

"అయిదేళ్లు ఎక్కువ. ఆ ఎనభై పైసల మీదే అయితే ఇరవై లక్షల డెబ్బై వేలు దాటేది."

ఆయన మెట్లు దిగుతూ, అయితే మనం లాభంలోనే ఉన్నాం పద అన్నారు. అది లాభం కాదని నాకు తెలుసు, ఆయనకూ తెలుసు. చెరకురసం తాగి బస్సెక్కాం.

ఆ తర్వాతి సోమవారం ఆయన ఉదయం షిఫ్టుకు లేవలేదు. ఈ ఇరవై ఏళ్లలో ఆయన జీతం కోత పడే నాగా ఒక్కటి కూడా పెట్టలేదు. జ్వరంతో వెళ్లారు, మా అత్తగారు పోయిన అయిదో రోజున వెళ్లారు. కిస్తుకు తక్కువ పడుతుందేమోనని నేనే లేపి పంపిన రోజులున్నాయి. అవి కూడా నాకు గుర్తే, వాటిని ఏ పుస్తకంలోనూ రాయలేదు. ఆ ఏడాది సెలవులన్నీ అప్పటికే వాడేశారు. ఒంట్లో బాగాలేదా అని అడిగాను.

"బాగానే ఉంది. అందుకే వెళ్లను."

లేపబోయిన చేయి వెనక్కి తీసుకున్నాను. ఎనిమిదింటికి ఉప్మా తిన్నారు, పదకొండింటికి మళ్లీ తిన్నారు. రెండింటికి ఫ్యాక్టరీ సైరను మోగినప్పుడు హాల్లో గచ్చు మీద వెల్లకిలా పడుకుని, కళ్లు తెరిచి, పైకప్పు చూస్తున్నారు. ఈ వేళకు ఎప్పుడూ ఇలా పడుకోలేదు కదా, ఇక్కడికి ఎండ ఇలా వస్తుందని తెలియదు అన్నారు. నేనూ పక్కన కూర్చుని చూశాను. కిటికీ ఊచల నీడలు గోడ దాకా పాకి, నాలుగింటికి పోయాయి.

ఆ నెల జీతంలో 840 రూపాయలు కోశారు. నాగా అని రాసి, పక్కన తేదీ వేశాను.