సారు అడిగిన ముసలి మేక

మా సారు పోయారని ఆదివారం పొద్దున ఫోను వచ్చింది. ఏడుపు ఆగాక నాకు తోచిన మొదటి మాట చెబితే మీరేమనుకుంటారో గాని, ఆదివారమే పోవడం ఆయనకు తగ్గట్టే ఉంది. మిగతా రోజులన్నీ పాఠాలకు, ఆదివారం మటన్ దుకాణానికి రాసిచ్చిన మనిషి ఆయన.

ఇబ్రహీంపట్నం దగ్గర మా ఇంజనీరింగ్ కాలేజీలో ఆయన లోహాల గురించి చెప్పేవారు. నేను ఆయన దగ్గర పీహెచ్‌డీ చేశాను. విరిగిన తుంటి ఎముకను పట్టి ఉంచే స్క్రూలు మా పని. మంచాల అనే ఊళ్ళో ఉండే తన తల్లికి వేసిన స్క్రూ వదులై, రెండోసారి ఆపరేషన్ చేయాల్సి వచ్చినప్పటి నుంచి ఆయనకు అదే ధ్యాస. కొత్త లోహంతో, చుట్టూ తిరిగే మరలు లోతుగా కోసి మేమొక స్క్రూ చేశాం. దాన్ని మేక తొడ ఎముకలో బిగించి, మెషీన్‌తో లాగి, ఎంత బలానికి ఊడుతుందో చూడాలి. ఊడే ముందు ఎముక సన్నగా కిర్రుమంటుంది. సారు చెవి దగ్గరగా పెట్టి వినేవారు. "బొక్క చెప్పేది ఇను బిడ్డా, మనం చెప్పాలనుకున్నది కాదు" అనేవారు.

ఆ ఎముకల కోసమే ఆదివారం దుకాణం. "కొట్టకు, మొత్తం బొక్క ఇయ్యి" అని సారు ఎంత మొత్తుకున్నా, దుకాణం నడిపే అన్న కబుర్లలో పడి ఠప్పున రెండు ముక్కలు చేసేవాడు. "అలవాటైపోయింది సారూ!" అని నాలుక కరుచుకునేవాడు. ఎముక ల్యాబుకు, మాంసం మా ఇళ్ళకు. సోమవారం అందరి టిఫిన్ డబ్బాల్లోనూ ఒకటే కూర. మా దగ్గర పరిశోధన చేసి చిక్కిపోయినవాళ్ళు లేరు.

మా స్క్రూ ఆసుపత్రుల్లో వాడే పాతదానికంటే గట్టిగా పట్టింది. నేను ఎగిరి గంతేసి థీసిస్ రాయడానికి కూర్చున్నాను. నా పెళ్ళి కూడా దాని కోసమే ఆగి ఉంది. సారు మాత్రం గడ్డం గోక్కున్నారు.

"గిన్ని దినాలు లేత బొక్కలే చూసినం. తుంటి ఇరిగి దవాఖానకు వచ్చేది లేత మేకలా, మా అమ్మ అసొంటోళ్లా?"

ఆ ఆదివారం నిండు దుకాణంలో నిలబడి ముసలి మేక ఎముక కావాలని అడిగారు. అన్న ముఖం మాడిపోయింది.

"ముసలి మేకనా? నా దుకాణంలనా? జర మెల్లగ అను సారూ, గిరాకంత పోతది! నా దగ్గర అంత లేతదే!"

అందరూ నవ్వారు, అందరికంటే గట్టిగా సారే. సాయంత్రం అన్న తానే బండి మీద ల్యాబుకు వచ్చి, పేపర్లో చుట్టిన ఎముకలు ఇచ్చి, "నేనిచ్చిన్నని ఎవలకు చెప్పకుండ్రి" అని ఒట్టు వేయించుకుని పోయాడు. ఆ తర్వాత వారం వారం అలాగే చాటుగా తెచ్చేవాడు.

ఆ ఎముకల్లో మా స్క్రూ ఓడిపోయింది. పాతదానికంటే పిసరంత కూడా ఎక్కువ పట్టలేదు. మెషీన్ పక్కనే కూర్చుని ఏడ్చేశాను. సారు జిలేబీ తెప్పించారు!

"ఏడుస్తవెందుకు? పట్టలేదని తెలిసింది గద, గదే రాయి. ముసలోళ్లకు ఉత్త ఆశ పెట్టకుంట ఆపినవ్. గిది చిన్న పనా?"

"పీహెచ్‌డీ రాకపోతే, సార్? పెళ్ళివాళ్ళకు ఏం చెప్పాలి?"

"నేనొచ్చి చెప్త, పిల్ల అబద్ధం ఆడదని. గంతకన్న ఏం గావాలె ఆళ్లకు?"

ఉన్నది ఉన్నట్టే రాశాను. పట్టా వచ్చింది, పెళ్ళీ అయింది. పెళ్ళిలో సారు నిజంగానే మా అత్తగారికి ఆ మాట చెప్పి, తృప్తిగా భోంచేసి వెళ్ళారు. ఆయన రుణం నేను తీర్చుకోలేను.

ఇప్పుడు అదే ల్యాబులో నేను పాఠాలు చెబుతున్నాను. మరో కొత్త స్క్రూ మీద పని నడుస్తోంది. సారు పోయిన మరుసటి ఆదివారం సంచీ పట్టుకుని దుకాణానికి వెళ్ళాను. జనం కిక్కిరిసి ఉన్నారు. అన్నకు సంగతి తెలిసినట్టుంది, నన్ను చూసి తల దించుకున్నాడు. అలవాటు కొద్దీ కత్తి ఎత్తాడు, ఆగాడు, మొద్దు మీద పెట్టేశాడు. లోపలికి వెళ్ళి పొడుగాటి తొడ ఎముక తెచ్చి, దుకాణమంతా వినేలా అన్నాడు:

"తీస్కపో చెల్లె. ముసలి మేకదే, నా దుకాణందే! సారు కోసమని పెట్టిన."

వరుసలోంచి ఒక్కరూ కదల్లేదు. అన్న ఆ ఎముకను పేపర్లో చుట్టి, రెండు చేతులతో నాకు అందించాడు.