రెండు చేపల ఇల్లు

చెక్ దేశంలో, ప్రాగ్ నగరంలో పాత ఇళ్లకు గుమ్మం పైన చెక్కిన బొమ్మే గుర్తు. మా బస రెండు చేపల ఇంట్లో. వానలో పెట్టెలు లాక్కుంటూ వెతగ్గా వెతగ్గా ఒకచోట రాతిచేపలు కనిపించాయి. పొలుసులతో సహా ఎంత ముద్దుగా చెక్కారో! తలుపు తీసిన పెద్దావిడకు ఫోన్‌లో బుకింగ్ చూపించి, ఇదేనా అని ఇంగ్లీషులో అడిగాను.

"నో, నో," అన్నారావిడ నవ్వుతూ.

"కాదంటండీ, పదండి," అంది మా ఆవిడ ఉసూరుమంటూ.

మేం వెనుదిరిగేసరికి పెద్దావిడ వానలోకొచ్చి, మా పెట్టె అందుకుని లోపలికి నడిచారు. చెక్ భాషలో "నో" అంటే మన "ఊఁ" అట!

గవర్నర్‌పేటలో ఇంటికొచ్చాక, రెండో కాఫీ అడిగితే మా ఆవిడ "నో" అంటోంది. అది చెక్ భాషే అనుకుని గ్లాసు పట్టుకుని కూర్చుంటున్నాను.