తగ్గిన గొంతు

బళ్లలో ఉర్దూ పోయి తెలుగొచ్చిన కొత్త రోజులు. జడ్చర్ల బస్సులో నా పక్కనున్నామె బిడ్డతో కలిసి వాచకం పైకి చదువుతోంది. చదువుతూ చదువుతూ గొంతు తగ్గించి ఆపేసింది. పిల్ల అది గమనించకుండా గడగడా చదువుకుపోయింది.

నా కడుపు మండింది. నేనూ పంతులమ్మనే. నా తరగతి పిల్లలు మాటమాటకీ ఆగి నా మొహం చూసేవాళ్లు.

"ఒక్క పిల్లకైతే ఎవరైనా నేర్పుతరమ్మా. తరగతి నిండ ఉంటే తెలుస్తది," అన్నాను.

"నేను గూడ బడిలనే చెప్తనక్కా. అందరితోని గిట్లనే చదువుత, మెల్లగ ఆపుత," అని నవ్వింది. "ఆపుడే కష్టం. మన గొంతంటే మనకు పానం గదా!"

నేను కిటికీ వైపు తిరిగాను.

ఇప్పుడు నా తరగతి నన్ను దాటి చదువుకుపోతుంటే నోరు మూసుకుని వింటాను. అది నాకెంత కష్టమో మా ఇంటాయన్ని అడగండి. ఇలా వినే సుఖం ఆమెకు నాకంటే ముందే దొరికిందని మాత్రం ఇప్పటికీ కుళ్లుకుంటాను.